బాపమ్మ దండెం, మా ఓవెన్ తలుపు

దసరా మరునాడు మా వాకిట్లోని దండెం మీద బట్టలు కనిపించేవి కావు. పండుగ నాడు తెల్లవారుజామునే ఊళ్లో యాటలను కోసి, పాళ్లు వేసి, ఇంటింటికీ పంచుకునేవారు. మా పాలుకు వచ్చిన మాంసంలో కూరకు పోను మిగిలిన దానిని బాపమ్మ, అంటే మా నాయనమ్మ, ఆ సాయంత్రమే కత్తిపీట ముందు పెట్టుకుని కూర్చునేది. మరునాడు పొద్దెక్కేసరికి బట్టల తాడు తీసేసి కట్టిన కొత్త నూలు తాడు పొడవునా, పసుపు పట్టిన ఎర్రటి పట్టీలు వరుసగా వేలాడుతుండేవి. 1980ల నాటి మాట ఇది. జగిత్యాలకు దగ్గరలో ఉన్న మా ఊళ్లో అప్పటికి ఫ్రిజ్ ఉన్న ఇల్లు ఒక్కటీ లేదు. ఉప్పు, ఎండ, గాలి, ఈ మూడింటి అండతోనే దసరా మాంసం ఉగాది దాటి చింతచిగురు వచ్చేదాకా మా ఇంట్లో నిలిచి ఉండేది.

వాటిని మేము ఒట్టి తునకలు అనేవాళ్లం. వేరే ప్రాంతం నుంచి వచ్చిన మిత్రులు ఈ మాట విని, ఉత్త ముక్కలా అని అడిగిన సందర్భాలున్నాయి. మా వైపు ఒట్టి అంటే ఎండినది అని అర్థం; ఎండు చేపలను ఒట్టి చేపలు అంటాము, పాలివ్వడం మానిన బర్రెను ఒట్టిపోయింది అంటాము. రాయలసీమలో దీనినే ఉప్పుకండ అని పిలుస్తారు. ఆ మాట కూడా నాకెంతో ఇష్టం, ఎందుకంటే పని మొత్తం ఆ ఒక్క మాటలోనే ఉంది.

బాపమ్మ కోత నాకు ఇప్పటికీ కళ్లకు కట్టినట్లుంటుంది. తొడ కండను చేతిలోకి తీసుకుని, ముందుగా దాని మీది తెల్లటి కొవ్వునంతా ఒలిచి వేరే గిన్నెలో వేసేది. కొవ్వు ఎండదు, కొన్నాళ్లకు చిక్కు వాసన పట్టి, తనతో పాటు కుండలోని మిగతా ముక్కలన్నింటినీ పాడుచేస్తుంది. ఆ తర్వాత పిడికెడు ముద్దను కత్తిపీటకు ఆనించి, ఒక పక్క నుంచి కోసుకుంటూ పోయి, పూర్తిగా తెగకముందే ఆపి, ముద్దను తిప్పి, రెండో పక్క నుంచి మళ్లీ అదే విధంగా కోసేది. అలా నాలుగైదు మార్లు తిప్పేసరికి ఆ ముద్ద కాస్తా విప్పుకుని మూరెడు పొడవున్న ఒకే పట్టీగా సాగి వచ్చేది. కండలోని నార ఏ దిక్కుకు ఉందో కత్తినీ ఆ దిక్కుకే నడిపించేది. నారకు అడ్డంగా కోస్తే తాడు మీద వేసినప్పుడు తన బరువుకు తానే తెగి కింద పడుతుందని చెప్పేది. ఈ చిన్న మాట పాతికేళ్ల తర్వాత, సముద్రాలకు అవతల ఒక వంటగదిలో, నాకు అక్కరకు వస్తుందని అప్పుడు ఎట్లా తెలుస్తుంది?

కోసిన పట్టీలకు దొడ్డుప్పు, పసుపు పట్టించి, వెడల్పాటి మట్టి పాత్రలో పేర్చి, రాత్రంతా మూత పెట్టి ఉంచేది. తెల్లవారేసరికి ఉప్పు మాంసంలోని నీటిని లాగి పాత్ర అడుగున పచ్చటి మడుగు కట్టేది. ఆ నీటిని పిండి పారబోసిన తర్వాతే పట్టీలు తాడు ఎక్కేవి. అప్పటి నుంచి కాపలా మా పిల్లల వంతు. చేతిలో వెదురు కట్టెతో వేపచెట్టు నీడలో కూర్చుని, కాకులను, అప్పుడప్పుడు మరీ కిందికి దిగే గద్దను అదిలిస్తూ ఉండాలి. పొద్దుగూకగానే అన్నింటినీ తీసి లోపల పెట్టాలి. ఆశ్వయుజం రాత్రుల్లో మంచు పడుతుంది, ఒక్క రాత్రి తడిస్తే రెండు రోజుల ఎండ వృథా. మూడో రోజుకో నాలుగో రోజుకో బాపమ్మ రెండు ముక్కలను చెవి దగ్గర పెట్టుకుని ఒకదానితో ఒకటి కొట్టి చూసేది. ఎండిన కట్టెల్లాగా టక్కుమంటే కుండలోకి, మెత్తటి చప్పుడు వస్తే మళ్లీ తాడు మీదికి. ఆమెకు ఆ చప్పుడే కొలమానం. తునకలు నింపిన కుండ మూతికి గుడ్డ కట్టి ఉట్టి మీద పెట్టేవాళ్లం. వారానికొకసారి దించి మళ్లీ ఎండకు పెట్టడం కూడా మా పనే.

వండేటప్పుడు వాటిని ముందు బొగ్గుల మీద కాల్చేది. కాలిన ముక్కను రోట్లో వేసి దంచితే నారలు నారలుగా విడిపోయేది. దానిని వేడినీళ్లలో కడిగి, చింతచిగురుతోనో గోంగూరతోనో ఉడికిస్తే, ఆ కూర కుండ మూత తీసిన వాసన రెండిళ్ల అవతలికి పోయేది. జొన్నరొట్టెలోకి అంతకు మించిన కూరను నేను ఈనాటికీ తినలేదు. కాల్చి దంచిన పొడిలో నుంచి రెండు నారలను మా అరచేతిలో పెడితే, నమలడానికి పట్టినంత సేపూ ఉప్పగా, పొగ రుచితో, నోరంతా ఊరేది.

ఒక ఏడు దసరా మరునాడే ముసురు పట్టింది. తాడు మీదికి ఎక్కిన పట్టీలు పూట గడవకముందే కిందికి దిగాయి. మాంసం పోయినట్లేనని అమ్మ దిగులు పడుతుంటే, బాపమ్మ ఏమీ మాట్లాడకుండా నూలు తాడును విప్పి, వంటింట్లో పొయ్యికి పైన, ఈ గోడ మేకు నుంచి ఆ గోడ మేకుకు లాగి కట్టింది. తుమ్మ కట్టెల మంట తగ్గించి, ఐదు రోజులు పగలూ రాత్రీ పొయ్యి ఆరిపోకుండా చూసుకుంది. తలుపు మూస్తే పొగ బయటికి పోదు కదా అని మేము తలుపు బార్లా తెరిస్తే కోప్పడి, పూర్తిగా మూస్తే ఇంకా కోప్పడి, చివరికి ఒక చీపురు కట్టను అడ్డం పెట్టి బెత్తెడు సందు ఉంచింది. "ఎండ ఎండబెడ్తదనుకుంటున్నరా బిడ్డా, గాలి ఎండబెడ్తది. తడి బయటికి వోవాలె" అన్నది. ఆ ఏటి తునకలు నల్లబడ్డాయి, కానీ రుచిలో వాటికి సాటి వచ్చినవి మళ్లీ రాలేదు.

ఇక్కడొక మాట చెప్పకుండా ముందుకు పోవడం నాకు న్యాయంగా తోచదు. మాంసాన్ని ఎండబెట్టి దాచుకోవడం మా ఇంటికి పండుగ తర్వాతి పని మాత్రమే. ఊరి చివరి వాడలోని ఇళ్లలో అది ఏడాది పొడవునా కడుపు నింపిన విద్య. పెద్దకూరను, అంటే గొడ్డు మాంసాన్ని, పట్టీలుగా కోసి ఎండబెట్టిన దండేలు అక్కడి ప్రతి వాకిట్లో ఉండేవి. ఆ దండేలను చూసి ముఖం తిప్పుకున్నవారే తమ వాకిట్లో మేకమాంసపు దండెం కట్టుకునేవారు. పనితనం ఒక్కటే, ఉప్పు ఒక్కటే, ఎండ ఒక్కటే. బాపమ్మకు ఆ కోత నేర్పినది కూడా ఆ వాడ నుంచి మా పొలానికి పనికి వచ్చిన ఒక పెద్దమ్మేనని అమ్మ ద్వారా నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

బాపమ్మ 1998లో పోయింది. ఆమె తర్వాత ఒకటి రెండేళ్లు అమ్మ ఆ పని చేసింది. తర్వాత ఇంటికి ఫ్రిజ్ వచ్చింది, నూలు తాడు ఎటో పోయింది. 2003లో నేను అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రానికి వచ్చాను. ఇక్కడ నవంబరు మొదట్లో తుపాకీతో జింకలను వేటాడే రుతువు మొదలవుతుంది. నాతో పనిచేసే ఒక పెద్దాయన ఆ రుతువు ముగిసిన తర్వాత ఒక సోమవారం చిన్న డబ్బా తెచ్చి, తన ఇంటి ఓవెన్‌లో చేసినదని చెప్పి అందరి ముందూ పెట్టారు. ముదురు గోధుమ రంగులో, వేలెడు వెడల్పున్న ఎండు ముక్కలు అవి. ఒకటి నోట్లో వేసుకుని నమిలాను. సోయా సాస్, మిరియాలు, ఏదో తీపి, అవన్నీ నాకు కొత్త. అయితే పంటికి తగిలిన ఆ నార, నమిలిన కొద్దీ ఊరే ఆ ఉప్పు, గొంతు దాకా దిగే ఆ ఎండు వాసన నాకు కొత్తవి కావు. కళ్లలో నీళ్లు తిరిగాయి. కారంగా ఉందేమోనని ఆయన మంచినీళ్లు తెచ్చి ఇచ్చారు.

దానిని ఇక్కడ జెర్కీ అంటారు. దక్షిణ అమెరికాలోని ఆండీస్ కొండల ప్రజల క్వెచువా భాషలో ఎండు మాంసానికి చార్కి అని పేరు. ఆ మాట స్పానిష్ వారి నోట పడి, అక్కడి నుంచి ఇంగ్లీషులోకి వచ్చి ఇట్లా మారింది. మా తునకల వంటివి ప్రపంచానికి ఆ చివరన కూడా ఉన్నాయని తెలిసిన రోజు నాకు కలిగిన సంతోషం ఇంతా అంతా కాదు.

ఆ చలికాలమే మొదటి ప్రయత్నం చేశాను. హలాల్ దుకాణంలో మేక తొడ మాంసం ఎముక తీయించి తెచ్చుకుని, బాపమ్మ పద్ధతిలోనే ఉప్పు పసుపు పట్టించి, మరునాడు ఓవెన్‌లో పెట్టాను. నా ఓవెన్‌లో పెట్టగలిగిన అతి తక్కువ వేడి 170 డిగ్రీల ఫారన్‌హీట్, అంటే దాదాపు 77 డిగ్రీల సెల్సియస్. తలుపు గట్టిగా మూసి ఎనిమిది గంటలు ఉంచాను. తలుపు తీసేసరికి లోపలి గాజు మీద నీటి చుక్కలు కారుతున్నాయి. ముక్కలు బూడిద రంగులో, పైన గట్టిగా, లోపల తడిగా ఉన్నాయి. అవి ఎండలేదు, తమ ఆవిరిలో తామే ఉడికాయి. ఫోన్‌లో అమ్మకు చెబితే, "ఎండ లేంది ఎట్ల ఎండుతయి బిడ్డా" అని బాధపడింది. ఆమె మాట విని ఫోన్ పెట్టేస్తుండగా చీపురు కట్ట అడ్డం పెట్టిన ఆ వంటింటి తలుపు గుర్తుకు వచ్చింది.

మరుసటి వారం ఒక చెక్క గరిటెను ఓవెన్ తలుపుకు అడ్డం పెట్టి బెత్తెడు సందు ఉంచాను. ఎదురుగా ఒక చిన్న ఫ్యాన్ పెట్టాను. తలుపు సందులో నుంచి తడి గాలి బయటికి పోయింది, లోపలి వేడి కూడా కొంత తగ్గి ఎండబెట్టడానికి తగినంతకు వచ్చింది. మిన్నెసోటా చలికాలంలో హీటర్ నడిచే ఇంటి గాలి పెదవులు పగిలేంత పొడిగా ఉంటుంది. మనుషులకు ఇబ్బందే గాని తునకలకు అది వరం. ఆరు గంటల తర్వాత తీసి, రెండు ముక్కలను చెవి దగ్గర కొట్టి చూశాను. బాపమ్మ తునకల చప్పుడు కాదు, దానికి తమ్ముడి వరసైన చప్పుడు. ఆ రాత్రి ఒంటిగంట దాకా వంటింట్లోనే కూర్చున్నాను.

అయితే నేను నేర్చుకోవలసినది ఇంకొకటి మిగిలే ఉంది. అది రుచికి సంబంధించినది కాదు, ప్రాణానికి సంబంధించినది. జెర్కీ ఇచ్చిన ఆ పెద్దాయనకు నేను చేసినవి తీసుకువెళ్లి ఇస్తే, ఆయన తినబోయి ఆగి, ఆరబెట్టడానికి ముందు మాంసాన్ని వేడి చేశారా అని అడిగారు. లేదన్నాను. 1995లో ఇదే దేశంలోని ఆరెగన్ రాష్ట్రంలో, ఇంట్లో చేసుకున్న జింక మాంసపు జెర్కీ తిని ఇ. కోలై అనే సూక్ష్మజీవి వల్ల మనుషులు జబ్బు పడ్డారని చెప్పారు. ఆ తర్వాత నేను చదివి తెలుసుకున్నది ఇది. ముక్కలో నుంచి నీరు ఆవిరవుతున్నంత సేపు, మట్టికుండలో నీళ్లు చల్లబడినట్లే, ముక్క కూడా చల్లగా ఉంటుంది. ఓవెన్‌లోని గాలి ఎంత వేడిగా ఉన్నా ఆ వేడి చాలాసేపటి దాకా ముక్క లోపలికి చేరదు. తీరా ముక్క ఎండి వేడెక్కే సమయానికి, తడి లేని చోట ఆ సూక్ష్మజీవులు వేడికి సులభంగా చావకుండా మొండికెత్తుతాయి. అందువల్ల ఆరబెట్టడానికి ముందే, ముక్క తడిగా ఉండగానే, దాని లోపలి వేడి 160 డిగ్రీల ఫారన్‌హీట్‌కు, అంటే 71 డిగ్రీల సెల్సియస్‌కు చేరేలా చూడాలని, కోడి మాంసమైతే 165కు చేరాలని అమెరికా వ్యవసాయ శాఖ చెబుతున్నది.

మరి మా బాపమ్మ ఏనాడూ ముందుగా వేడి చేయలేదే, మేమెవరమూ జబ్బు పడలేదే అని చాలా రోజులు ఆలోచించాను. సమాధానం ఆమె పొయ్యిలోనే ఉంది. జెర్కీని ఉన్నది ఉన్నట్లుగా నోట్లో వేసుకుంటారు. బాపమ్మ తునకను మాత్రం బొగ్గుల మీద కాల్చకుండా, దంచి ఉడకబెట్టకుండా ఎవరి పళ్లెంలోనూ వేసేది కాదు. మేము పిల్లలం దొంగతనంగా పచ్చి తునకను నమలబోతే చేతి మీద కొట్టేది. ఆమె నిప్పు చివర ఉండేది, ఇక్కడి నిప్పు మొదట ఉండాలి. ఆ దెబ్బకు కారణం నాకు నలభై ఏళ్లు దగ్గరపడుతుండగా తెలిసింది.

ఇప్పుడు నేను చేసే తీరు ఇట్లా ఉంటుంది. కొవ్వు లేని తొడ కండను ఫ్రీజర్‌లో సగం గట్టిపడేదాకా ఉంచుతాను. అప్పుడు కత్తి జారకుండా పావు అంగుళం మందానికి మించని పట్టీలుగా కోయవచ్చు. ఉన్నది ఉన్నట్లుగా నమిలే జెర్కీ కోసమైతే నారకు అడ్డంగా కోస్తాను, ముక్క పంటికి మెత్తగా విరుగుతుంది. కూర తునకల కోసమైతే బాపమ్మ చెప్పినట్లు నార వెంటే కోస్తాను, దంచినప్పుడు పొడవాటి నారలు వస్తాయి. ఉప్పు, పసుపు, కొంచెం వెల్లుల్లి ముద్ద, ఎండుమిరప కారం పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచుతాను. మరునాడు ఆ ఊటలోనే కొద్దిగా నీళ్లు పోసి ఐదు నిమిషాలు తెర్లనిచ్చి, వంట థర్మామీటరుతో ఒకటి రెండు ముక్కలను చూసుకుని, వడకట్టి, గుడ్డతో అద్ది, తీగల జల్లెడ మీద ఒకదానికొకటి తగలకుండా పేరుస్తాను. కింద కారినది పట్టడానికి ఒక పళ్లెం, తలుపుకు చెక్క గరిటె. గంటన్నరకు ఒకసారి ముక్కలను తిరగవేస్తాను. ఇంట్లో చిన్నపిల్లలుంటే తలుపు తెరిచి ఉన్నంతసేపూ వంటింట్లో నుంచి కదలకూడదు. గ్యాస్ ఓవెన్ అయితే ఈ పద్ధతి వద్దనే నేను చెబుతాను.

జెర్కీ ముక్క వంచితే పగుళ్లు రావాలి గాని రెండుగా విరగకూడదు. కూర తునక మాత్రం పుల్లలా విరగాలి. నాలుగు పాళ్ల మాంసం ఒక పాలుకు వస్తుంది. నాలుగు కిలోలు పెడితే చేతికి వచ్చేది కిలో. చేసిన దానిని సీసాలో పెట్టి నెలా రెండు నెలల్లో వాడుకుంటాను, అంతకు మించి ఉంచాలంటే ఫ్రీజర్‌లో పెడతాను. చింతచిగురు ఇక్కడ ఎండబెట్టినదే దొరుకుతుంది కాబట్టి, వేసవిలో పెరట్లో పెంచుకున్న గోంగూరనే ఎక్కువగా వేస్తాను. పొగ రుచి మాత్రం ఓవెన్ ఇవ్వదు. సీసాలో పోసి అమ్మే పొగ రసాన్ని ఒకసారి వాడి చూశాను. అది తుమ్మ కట్టె పొగ కాదు, దానిని మళ్లీ ముట్టుకోలేదు. ముక్కలను పెరట్లో బొగ్గుల కుంపటి మీద కాసేపు కాలుస్తాను, అప్పుడు కొంత నయం.

2014లో అమ్మ మా ఇంటికి వచ్చి దసరా దాకా ఉన్నది. పండుగ మరునాడు నేను ఓవెన్ వెలిగించి గరిటె అడ్డం పెడుతుంటే కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చున్నది. చాలాసేపు ఏమీ అనలేదు. లోపలి బల్బు వెలుగులో వరుసగా కనిపిస్తున్న పట్టీలను, సందులో నుంచి వచ్చే పసుపు వాసనను చూస్తూ, పీలుస్తూ ఉన్నది. సాయంత్రం నాలుగింటికి నేను పళ్లెం బయటికి తీసి, అయిపోయాయని అనుకుంటుండగా, లేచి వచ్చి రెండు ముక్కలు తీసుకుని చెవి దగ్గర కొట్టింది. ఒకటి పళ్లెంలో పెట్టింది. రెండోదాన్ని మళ్లీ జల్లెడ మీద వేసి, "ఇది ఇంక పచ్చిగనే ఉన్నది బిడ్డా, ఇంకో గంట ఉండనియ్యి" అంటూ తలుపును తానే గరిటె దాకా దగ్గరికి నెట్టింది.